ప్రక్కన నిలిచినవాడు



2023వ సంవత్సరము మే నెల 22వ తేది సోమవారము సాయంకాలము ఉద్దానమునుండి మా మరిది ఫోను చేసెను. వేసవిలో ఆతడు ఫోను చేసిన, జీడిపిక్కల ధరను గూర్చియో, కుళాయికి నీళ్లు రాకపోవుటను గూర్చియో మాటలాడును. ఆనాడు మాత్రము కొంతసేపు మాట లేదు. పిదప, "వదినా, మన శరత్‌బాబు పోయాడంట" అనెను.

"మన" యనుటచే నేనెవరో బంధువనుకొంటిని. మా అత్తగారి వైపున ఆ పేరు గలవారిద్దరు కలరు. హైదరాబాదులో మరణించిన సినీమా నటుడని తెలిసినపిమ్మట నాకు కొంత నవ్వు గూడ వచ్చినదని యిప్పుడు చెప్పుకొనుటకు సిగ్గగుచున్నది. "ఎంతెంతవారో పోయినప్పుడు గూడ మీరింత బాధపడలేదు గదా" అంటిని. అందుకాతడు, "పెద్ద హీరో పోతే ఏడవడానికి ఊరంతా ఉంటాది వదినా. ఈయనకెవరుంటారు?" అని ఫోను పెట్టివేసెను.

ఆ ప్రశ్నకు సమాధానము వెదకుటకే తరువాత నేను శరత్‌బాబుగారి చిత్రములను దొరికినవి దొరికినట్లు చూచితిని. చూచినకొలది ఆయనను గూర్చియే గాక, మా యింటిని గూర్చి గూడ నాకు కొన్ని సంగతులు తెలియవచ్చినవి. అవి వ్రాయుటకు మా వారి యనుమతి తీసికొంటిని. మా మరిది యనుమతి తీసికొనలేదు, అడిగిన, వలదనును.

పలాసలో రైలెక్కి విశాఖపట్టణము పోవువారు శ్రీకాకుళం రోడ్డు అను బోర్డు గల స్టేషనును చూచియే యుందురు. ఆ స్టేషనున్న ఊరు ఆమదాలవలస. శరత్‌బాబుగా రచ్చట 1951 జూలై 31వ తేదిని జన్మించిరి. తల్లిదండ్రులు పెట్టిన పేరు సత్యంబాబు దీక్షితులు. తండ్రిగారిది హోటలు వ్యాపారము. కుమారునికి పోలీసు అధికారి కావలెనని కోరిక యుండెనట. చూపు మందగించుటచే అది సాగలేదు. 1973లో రామరాజ్యం అను చిత్రముతో తెరమీదికి వచ్చిరి. ఆ యేడే కన్నెవయసు వచ్చినది. ఆ చిత్రకథను మరచినవారు గూడ అందు బాలసుబ్రహ్మణ్యముగారు పాడిన పాటను మరువలేదు. చక్కని పొడవు, తీర్చిన ముఖము, మెత్తని మాట: నాయకుడగుటకు ఏమి కొరతపడెనో నాకు తెలియరాలేదు. తెరమీద నాయకత్వము రూపము ననుసరించి వచ్చునది కాదు కాబోలు. 1977లో బాలచందర్‌గారు పట్టిన ప్రవేశం అను చిత్రముతో ఆయనను తమిళమునకు దీసికొనిపోయిరి. ఆ దశాబ్దము ముగియునప్పటికి ఆయన స్థానము దాదాపుగా స్థిరపడినది. నాయకునకు స్నేహితుడు, నాయికకు అన్న, ఊరికి క్రొత్తగా వచ్చిన యింజనీరు, మర్యాద తప్పని పెద్దమనిషి. ఈ వేషములలోనే నాలుగు దక్షిణదేశ భాషలలోను కలిపి రెండువందలకు పైగా చిత్రములు నటించిరి. మధ్యమధ్య నాయకపాత్రలు రాకపోలేదు గాని, అవి ఆయన కీర్తిని మోయలేదు.

నా చదువు బడిలోనిది కాదు. మా తాతగారి యరుగుమీదిది. ఓరుగంటి ప్రతాపరుద్రుని ఆస్థానమున విద్యానాథుడు రచించిన ప్రతాపరుద్రీయమును వారు నాకు నాయకప్రకరణమునుండి చెప్పిరి. అందు నాయకుని సహాయులలో మొదటివాడు పీఠమర్దుడు. వాని లక్షణము మిక్కిలి చిన్నది: గుణములలో నాయకునికంటె కొంచెము తక్కువవాడు. ఆ "కొంచెము" అను మాటను తాతగారు నాచేత పదిమారులు చెప్పించిరి. మిక్కిలి తక్కువవాడైన సేవకుడగును, సమానుడైన ప్రత్యర్థియగును, కొంచెమే తక్కువగా నుండుట కష్టమనిరి. వ్యాఖ్యాతలు వీనికి రామాయణమునందలి సుగ్రీవుని, భవభూతి మాలతీమాధవమునందలి మకరందుని ఉదాహరణముగా జూపుదురు. ఆ మకరందుడు మిత్రుడైన మాధవుని కొరకు మాలతివేషము ధరించి, పెండ్లికూతురై, మాలతిని కోరిన నందనునితో పెండ్లిపీటలమీద గూర్చుండును! చిన్నతనమున నేనది విని కడుపుబ్బ నవ్వితిని. ఒకని ప్రేమకొరకు తాను చీరగట్టినవాని ధైర్యమెంతటిదో అప్పుడు తోచలేదు. నాటకము పేరులో మాలతి కలదు, మాధవుడు కలడు, మకరందుడు లేడు.

ఈ పట్టింపులేమి మనదేశమునకే చెల్లినది గాదు. అమెరికాదేశపు చలనచిత్ర అకాడమీవారు 1929లోనే బహుమతులిచ్చుట మొదలిడినను, సహాయనటులకు వేరుగా బహుమతి యుండవలెనని 1936వ సంవత్సరపు చిత్రములవరకు వారికి తోచలేదు. తోచిన పిమ్మటనైనను, నాయకునకు బంగారుపూత ప్రతిమను, సహాయనటునకు ఫలకమును ఇచ్చిరి. పంక్తిలో కూర్చుండబెట్టి విస్తరి చిన్నది వేసినట్లు! 1943వ సంవత్సరపు చిత్రములకు గాని ఆ భేదము పోలేదు. ఆ మొదటి ఫలకము నందినవాడు వాల్టర్ బ్రెనన్. 1936, 1938, 1940 సంవత్సరముల చిత్రములకు ముమ్మారు గెలిచెను, మూడును ఫలకములే. గుఱ్ఱపురౌతుల కథలలో నాయకుని ముసలి తోడుగా పేరుపొందిన యాతడు, 1959లో వచ్చిన రియో బ్రావోలో చెరసాలను గాచు కుంటివాడు. మా వారు ఆంగ్లము బోధించువారగుటచే ఈ సంగతులు వెదకి నాకు చెప్పిరి. మన శరత్‌బాబుగారికిని రాష్ట్రప్రభుత్వపు నంది బహుమతులు మూడు వచ్చినవి: 1981లో సీతాకోకచిలుకకు, 1988లో ఓ భార్య కథకు, 1989లో నీరాజనమునకు. మూడును సహాయనటునివే. ఈ లెక్క చెప్పగా మా మరిది, "అయితే మనోడూ ఆ అమెరికావోడూ సమానమే" అని మిక్కిలి సంతోషించెను.

మా మరిది వయస్సున నాకంటె పెద్దవాడు, వరుసకు చిన్నవాడు. 1995లో ముత్తు చిత్రము తెలుగులోనికి వచ్చినప్పుడు అన్నదమ్ములిద్దరును ఉద్దానమునుండి సైకిలుమీద కాశీబుగ్గకు పోయి చూచిరట. హాలులోనివారందరు రజనీకాంత్ వచ్చినప్పుడు ఈలలు వేయుచుండగా, ఇతడు జమీందారు వేషములో శరత్‌బాబుగారు కనబడినప్పుడెల్ల చప్పట్లు గొట్టెనట. ఏమయ్యా యనిన, "మన ఆమదాలవలస ఆయన" అనెనట. ఆ చిత్రమే 1998లో జపాను రాజధాని టోక్యోలో మాసముల తరబడి ఆడినది. మా జిల్లా రైలుస్టేషనుప్రక్క పెరిగిన పిల్లవాని ముఖము జపానువారికి గూడ తెలిసినది. పేరు తెలిసియుండునా యనునది వేరుమాట.

సైకిలు త్రొక్కినవాడు మా మరిదియేనని, మా వారు వెనుక గూర్చుండిరని నాకు ఈ నడుమనే తెలిసినది.

మా మామగారు 2001లో కాలధర్మము నొందిరి. అప్పుడు మా వారు విశాఖపట్టణమున డిగ్రీ చదువుచుండిరి. మా మరిది పదవతరగతి ముగించి యుండెను. నాలుగెకరముల జీడి, కొబ్బరి తోటను జూచుకొనుటకు ఒకరు ఊరిలో నుండవలసి వచ్చినది. ఎవరుండవలెనని యెవ్వరును అడిగినట్లు లేదు. మరునాడు ఆతడు పార పట్టుకొని తోటకు పోయెనట. పదవతరగతిలో పెద్దవానికంటె చిన్నవానికే యెక్కువ మార్కులు వచ్చినవని మా అత్తగారు ఒకమారు నోరుజారి చెప్పిరి. తరువాత మా వారు బి.యిడి. చదివిరి, ఉపాధ్యాయులైరి, టెక్కలిలో కాపురము పెట్టితిమి. ఆ చదువు రుసుములు జీడిపిక్కలు చెల్లించినవి. అది సహజమే యనుకొంటిని. తోట ఉమ్మడిది గదా!

చిత్రములకు వత్తును. మహేంద్రన్‌గారు 1978లో తీసిన ముళ్ళుం మలరుం అను తమిళచిత్రమున రజనీకాంత్ జలవిద్యుత్కేంద్రములో వించి నడుపు కోపిష్ఠి. శరత్‌బాబుగారు ఆ చోటికి వచ్చిన యింజనీరు. తల్లిదండ్రులు లేని చెల్లెలిని ప్రాణముగా జూచుకొను ఆ యన్నకు ఈ యింజనీరు గిట్టడు. తుదకు చెల్లెలి నాతనికిచ్చుటకు ఒప్పుకొనుచు గూడ, ఇప్పటికిని నీవు నాకు నచ్చలేదని ముఖముమీదనే చెప్పును. ఆ మాట చెప్పినవానికి చప్పట్లు పడును. విని నిలువవలసినవాని సంగతి చూడుడు. కోపము తెచ్చుకొన్న కథ చెడును. తలవంచుకొన్న అట్టివానికి పిల్లనిచ్చుట యేలయని చూచువారికి తోచును. ఆ రెంటి నడుమ నిలుచుటయే "కొంచెము తక్కువ" యనునది.

ఆయన ఎల్లప్పుడు మంచివాని వేషమే వేసిరని యనుకొనవలదు. 1979లో వచ్చిన గుప్పెడు మనసులో ఇంట ఆశ్రయమిచ్చిన చిన్నదానియెడ తప్పుచేసిన భర్త. మొదటి నంది వచ్చిన సీతాకోకచిలుకలో ప్రేమించిన చెల్లెలిని బాధించు అన్న. వంశీగారు 1984లో తీసిన సితారలో పాడువడిన రాచనగరిలో చెల్లెలిని లోకమునకు జూపక దాచిన అన్న. ఈ కడపటిదానిని చూచినప్పుడు నాకు కలిగిన కోపము ఇంతంత గాదు. మన యిండ్లలో ఆడుపిల్లలను కట్టివేయువారందరు కేకలు వేయువారే యగుదురా? కొందరు మెత్తగా మాటలాడుదురు, వంశమర్యాద యందురు, తామును ఆ గోడలనడుమనే క్రుంగిపోదురు. అరచు అన్నను ద్వేషించుట సులభము. ఈ మెత్తని స్వరము గల యన్నను ద్వేషించుచునే జాలిపడవలసి వచ్చును. ఆ పనికి ఆయన స్వరము సరిపోయినట్లు మరియొకరిది సరిపోదు. 1986లో వచ్చిన స్వాతిముత్యములో మరల అన్నయే. కాని అందు వితంతువైన చెల్లెలిపై ప్రేమ యుండియు ఇంటిలో నోరెత్తజాలనివాడు. ఆ చిత్రమును ఆ యేడు భారతదేశము తరపున అమెరికావారి పోటీకి పంపిరి. ఒకే వరుస, మూడు చిత్రములు, ముగ్గురు వేరువేరు మనుష్యులు. టెలివిజనులో అంతరంగాలు ధారావాహికను జూచిన సోదరీమణులకు ఆయన మాటతీరును నేను వర్ణింపనక్కరలేదు.

మా మరిదికి అన్నిటికంటె ఇష్టమైనది 1983లో విశ్వనాథ్‌గారు తీసిన సాగరసంగమము. మరణవార్త తెలిసిన నాటి రాత్రి మా పాప దానిని పెట్టగా ఇంటిల్లిపాది చూచితిమి. నాట్యమే ప్రాణమైన బాలు కీర్తి అంచువరకు పోయి వెనుదిరుగును, మద్యమునకు లోబడును. ఎట్టిదశయందును విడువనివాడు స్నేహితుడు రఘు. ఆ పాత్రకు గొప్ప సంభాషణలు లేవు, పెద్ద త్యాగసన్నివేశములు లేవు. ఉన్నాడు, అంతే. తుదిని శిష్యురాలు వేదికమీద నాట్యమాడుచుండగా చక్రముల కుర్చీలోని బాలు ప్రాణము విడుచును. జనులు చప్పట్లు కొట్టుచునే యుందురు. ఆట చెడకుండ, చడిచప్పుడు లేక రఘు ఆతని నావలికి దీసికొనిపోవును. నేను ముప్పది యేండ్లలో ఎన్నిసార్లో ఆ చిత్రము చూచితిని. ప్రతిసారియు నా కన్నులు బాలుమీదనే యుండెను. ఆ రాత్రి మొదటిసారి తీసికొనిపోవువానిని జూచితిని. ఎవరి దుఃఖమును చెరుపరాదో, ఎవరి ఆనందమును చెరుపరాదో లెక్కించుకొనుచు, తన యేడుపునకు ఇంకను వేళ కాలేదని తెలిసిన ముఖమది.

మరునాడు మా మరిదికి ఫోను చేసి ఆ సంగతి చెప్పితిని. "కమలహాసన్ ఎంత తాగి పడిపోయినా నాకు భయమెయ్యదు వదినా. ఆయనున్నాడు కదా అనిపిస్తాది" అనెను.

ఫోను పెట్టి తలయెత్తగా ఎదుటిగోడమీద మా గృహప్రవేశపు ఫోటో కనబడినది. 2016లో తీసినది. పునాదులకు పెట్టిన సొమ్ము ఆ యేటి జీడి ఫలసాయము. కొబ్బరికాయలు, పనసకాయలు వానునిండ తెచ్చినవాడు మా మరిది. ఫోటోలో మేము, పిల్లలు, మా పుట్టింటివారు, మా వారితో పనిచేయు ఉపాధ్యాయులు అందరు కలరు. అంచున నా తోడికోడలి సగము ముఖము కలదు. మా మరిది లేడు. ఆ వేళ ఆతడు పెరటిలో గాడిపొయ్యివద్ద నుండెను. పిలువవలెనని నాకు తోచలేదు. ఏడు సంవత్సరములు ప్రతిదినము ఆ గోడ తుడిచితిని. లేడని గూడ తోచలేదు.

ఇక నేను దాచకూడని మాట యొకటి కలదు. 2023 ఏప్రిలులో మూలపేటవద్ద నౌకాశ్రయమునకు శంకుస్థాపన జరిగినది. అప్పటినుండి మా ప్రాంతమున భూములవెలలను గూర్చి మాటలాడని యిల్లు లేదు. పాప పైచదువులకు సొమ్ము కావలెను, మన భాగము మనము పంచుకొని అమ్ముదమని మా వారితో పోరు పెట్టినదానను నేనే. న్యాయమున సగము మాది. వేసవి సెలవులలో పోయి పెద్దమనుష్యుల యెదుట అడుగవలెనని నిశ్చయించుకొంటిమి గూడ. కాని 2018 అక్టోబరు 11 తెల్లవారుజామున తిత్లీ తుఫాను పలాసకు చేరువనే తీరము దాటినప్పుడు మా తోటలోని కొబ్బరిచెట్లు మూడువంతులు పడిపోయినవి. జీడిచెట్లు వేళ్లతో లేచినవి. మేము టెక్కలినుండి పోయి రెండుదినము లుండి, కంటతడి పెట్టి వచ్చితిమి. పడినవానిని కోయించినవాడు, నారు తెచ్చి పాతినవాడు, వేసవులలో కుండలతో నీళ్లు మోసినవారు, ఆతడు, నా తోడికోడలు. నేడు పంచవలసిన సగములో మాది అని చెప్పదగిన చెట్టు ఒక్కటి లేదు.

ఆ వేసవిలో మేము పోలేదు. ఎందులకని మా వా రడుగలేదు.

2024 దసరా సెలవులలో పోయితిమి. తుఫాను పిమ్మట పాతిన కొబ్బరిచెట్లు అప్పుడే గెలలు వేసినవి. మా మరిది మాకు తోట యంతయు త్రిప్పి చూపి, బొండములు కొట్టి యిచ్చెను. అరుగుమీద గూర్చున్న పిమ్మట మా వారు సంచిలోనుండి స్టాంపు కాగితము తీసిరి. ఊరిలోని ఇంటిస్థలమున సగము మాకు, తోట యంతయు తమ్మునికి అని అందు వ్రాయించి యుంటిమి. మా వారు మాటలాడక సంతకము చేసి కాగితమును ముందుకు జరిపిరి.

మా మరిది దానిని రెండుసార్లు చదివెను. "అన్నయ్య పేరు లేకుండా తోటేటి వదినా?" అని నన్నడిగెను. నావద్ద సమాధానము లేకపోయెను. కలమందిచ్చితిని, పుచ్చుకొనలేదు. కాగితమును నాలుగు మడతలు పెట్టి వసారా వాసములో దోపి, పాప కింకొక బొండము కొట్టుటకు లేచిపోయెను.

కాగిత మిప్పటికిని అచ్చటనే యున్నది. వానలకు తడియునని నా తోడికోడలు దానికి పాలిథీను సంచి చుట్టినదట.